చిన్నపొన్ను చెప్పిన పదకొండు పేర్లు

మా వీధిలోకి కూరగాయల తట్ట తెచ్చే కాళియమ్మ వంకాయను వంకాయ అనీ, బెండకాయను బెండకాయ అనీ గొంతెత్తి అరిచేది. సొరకాయ దగ్గరికి వచ్చేసరికి మాత్రం గొంతు తగ్గించి "ఇంటికాయ, ఇంటికాయ" అనేది. కొత్తగా కాపురానికి వచ్చిన కోడళ్ళు ఇదేం కాయో అని తట్టలోకి తొంగి చూసి నవ్వేవాళ్ళు. నవ్వినవాళ్ళను అరుగు మీద కూర్చోబెట్టి సంగతి చెప్పడం నా పని.

రాయపురంలో, కల్మండపం వెనక నుంచి సముద్రం వైపు పోయే సందు మాది. అందులో సగం ఇళ్ళు చేపలు పట్టేవాళ్ళవి. మగవాడు సొరచేపకు గాలం వేయడానికి తెప్ప మీద పోయినప్పుడు, ఇంట్లో ఆడది ఆ చేప పేరు నోట అనకూడదు. కాయ పేరూ అనకూడదు. సముద్రానికి కాయో చేపో తెలియదు కదా, దానికి వినబడేది ఒక్కటే మాట. అందుకని చేపను 'పెద్దాయన' అనేవాళ్ళు. కాయను 'ఇంటికాయ' అనేవాళ్ళు. తెడ్డు గడప దాటినప్పటి నుంచి, తిరిగి వచ్చి గోడకు ఆనేవరకు ఇదే కట్టడి. పొరపాటున అంటే, పెద్దాయన తనను పిలిచారనుకుని వస్తాడట. గాలం దగ్గరికి కాదు, మనిషి దగ్గరికి.

మాది చేపలవాళ్ళ కుటుంబం కాదు. మా తాతల నాడే నెల్లూరు వైపు నుంచి వచ్చి మదరాసులో స్థిరపడ్డాం. మా ఆయన హార్బరు గోదాములో గుమాస్తా. నేను ఐదో తరగతి దాకా చదివాను. ఎదుటివాళ్ళ పొయ్యి మీద ఏం ఉడుకుతుందో మూత తీసి చూడందే నాకు తోచదు. అందుకే ఆ సందులో నాకు తెలియని ఇల్లు లేదు.

చిన్నపొన్నుది మా ఎదురు వరసలో మూడో గుడిసె. పొట్టి మనిషి, నల్లగా నిగనిగలాడే ముఖం, మాటకు మాట అప్పటికప్పుడే తిరిగివచ్చే నోరు. పదమూడేళ్ళకు పెళ్ళి చేసుకుని, నెల్లూరు తీరం నుంచి ఒక ట్రంకు పెట్టె, గుప్పెడు సొర విత్తనాలు తెచ్చుకుంది. మొగుడి పేరు అమ్మాసి. అమావాస్య నాడు పుట్టాడని ఆ పేరు. ఎక్కువ మాట్లాడడు. ఉన్న రెండు మాటలూ పెళ్ళాంతోనే మాట్లాడేవాడు.

ఆ విత్తనాలు చేదు సొరవి. కూరకు పనికిరావు. చిన్నపొన్ను వాటిని గుడిసె పైకి పాకించి, కాయ తొడిమ ఎండేదాకా తీగకే వదిలేసేది. తర్వాత కోసి పొగలో వేలాడదీసేది. మెడ దగ్గర చిన్న చిల్లు పెట్టి గింజలు రాల్చి, చేప నూనె పట్టించి, చిల్లును మైనంతో మూసేది. ఆ ఎండు బుర్రలే గాలపు తాడుకు తేలుడు బుర్రలు. సొరచేప లాగితే అవి మునిగి లేస్తూ జాడ చెబుతాయి. ఆమె బుర్రలో నీళ్ళు దిగడం ఎవరూ చూడలేదు. కాశిమేడు దాకా ఆమె బుర్రలకు గిరాకీ ఉండేది.

"తియ్యటి కాయ కాస్తే కూరయినా అవుతుంది కదే, ఈ చేదు పంట ఎందుకు?" అని ఒకసారి అడిగాను.

"తియ్యంది కుళ్ళిపోతాదిక్కా. చేదుదే నిలస్తాది. మీ అత్తను చూళ్ళా?" అంది. మా అత్తగారికి అప్పుడు తొంభై ఏళ్ళు.

రెండు కాన్పులయ్యాయి ఆమెకు. ఇద్దరు బిడ్డలూ నెల తిరగకుండానే పోయారు. ఆ సంగతి ఎవరైనా ఎత్తితే లేచి పోయి తీగకు నీళ్ళు పోసేది.

ఆంధ్ర రాష్ట్రం విడిపోయిన మరుసటి ఏడాది పరంధామయ్యగారు మా సందులోకి వచ్చారు. వచ్చారనకూడదు, నేనే తెచ్చాను. ఒక ఉదయం చేపలకని ఇసుక మీదికి పోతే, గొడుగు వేసుకున్న పెద్దమనిషి ఒకాయన బుట్ట బుట్టకూ వంగి "దీన్ని ఏమంటారండీ?" అని అడుగుతున్నాడు. చేపలమ్మే ఆడవాళ్ళు ఊరుకుంటారా.

"కొంటావా సామీ, లేకుంటే పెండ్లిచూపులకొచ్చినావా?"

"చుమ్మా, ఊరికే చూసిపోతే చేప నొచ్చుకుంటాది."

ఆయన గోదావరి వైపు మనిషి. టి. నగర్‌లో అద్దెకుంటూ కాలేజీలో జీవశాస్త్రం చెప్పి అప్పుడే మానుకున్నారు. మొక్కల పేర్లు, జంతువుల పేర్లు, జనం నోట ఎలా ఉన్నాయో అలాగే రాసుకుని ఒక పుస్తకం వేయాలని ఆయన పట్టుదల. ఇది విన్నాక నేను వదులుతానా. ఇంటికి తీసుకువచ్చి మజ్జిగ ఇచ్చి కూర్చోబెట్టాను. ఆయన సంచిలో ఒక బిస్కత్తు డబ్బా, అందులో దారంతో కట్టిన చీటీల కట్టలు. మాటకు ఒక కట్ట. అన్నిటికంటే లావుగా ఉన్న కట్ట 'సొర'ది.

"ఒక మాటకు ఇంత కట్టా?" అన్నాను.

"చూడండమ్మా," అని చీటీలు వరసగా పరిచారు. "మనకు సొర అంటే కాయ, చేప కూడా. అరవంలో కాయ సురై, చేప సురా. సంస్కృతంలో సుర అంటే కల్లు. గంజాం కొండల్లో సొరలని ఒక జనం ఉన్నారు, వాళ్ళ భాష పేరూ అదే. అమెరికాలో చిత్తడి రెల్లులో తిరిగే నీటికోడిలాంటి చిన్న పిట్ట ఉంది. దాని పేరు సొర. జపాను వాళ్ళ భాషలో సొర అంటే ఆకాశం."

"ఒక మాట ఇన్ని ఇళ్ళలో కాపురం చేస్తుందా? ఇవన్నీ చుట్టాలేనా?"

"కావమ్మా. కొన్ని చుట్టాలు, కొన్ని పేరు కలిసిన పొరుగువాళ్ళు. ఏది ఏదో తేల్చడమే నా పని."

నాకు ఆ రోజు ఎంత సంతోషమైందో చెప్పలేను. బెండకాయలు తరుగుతూ కూడా ఆకాశం వైపు చూసి నవ్వుకున్నాను. మర్నాడే ఆయనను చిన్నపొన్ను గుడిసెకు తీసుకుపోయాను. అమ్మాసి ఇంట్లోనే ఉన్నాడు, గాలాలు సానపెడుతున్నాడు. తెడ్డు గోడకు ఆని ఉంది కాబట్టి మాటకు అడ్డు లేదు. చిన్నపొన్ను చేదు కాయ సంగతి, పొగ సంగతి, మైనం సంగతి అన్నీ చెప్పింది. ఆకాశం మాట వినగానే నోరు తెరిచింది.

"ఆకాశమా? మన పైనుండే ఆకాశమా సామీ?"

"అదేనమ్మా."

"అయితే మా ఇంటి మీద ఆకాశమే కాస్తాండాదన్న మాట."

అమ్మాసి కూడా నవ్వాడు. కాని పరంధామయ్యగారు చేప సంగతి అడిగేసరికి లేచాడు. "కాయ సంగతి ఆమెది, చెప్పనీ. సొరల్లో ఎన్ని రకాలుండాయో అది సముద్రం మీది మాట. గట్టు మీద కూచోని చెప్పేది కాదు," అని గాలాలు తీసుకుని పోయాడు. కోపం కాదు, అది వాళ్ళ పద్ధతి.

పరంధామయ్యగారి స్నేహితులంతా అప్పటికే మదరాసు వదిలి కర్నూలుకో, బెజవాడకో పోయారు. ఆయన కూడా శనివారం బయలుదేరుతున్నారు. సామాను రైలుకు వేసేశారు. గురువారం మధ్యాహ్నం భోజనాలయ్యాక మళ్ళీ వచ్చారు. సొరచేప రకాల పేర్లు ఒక్కటీ దొరకలేదనీ, కట్ట అలాగే బోసిగా అచ్చుకు పోతుందనీ దిగాలుగా చెప్పారు. నేను తట్టుకోలేకపోయాను. ఆయన చెయ్యి పట్టుకోలేదు గాని, పట్టుకున్నంత పని చేసి చిన్నపొన్ను గుమ్మం ముందు నిలబెట్టాను.

అమ్మాసి ఇంట్లో లేడు. తెల్లవారుజామునే నాగప్పన్‌తో కలిసి గాలానికి పోయాడు. గోడ దగ్గర తెడ్డు లేదు. అది నేను చూశాను. చూడలేదని ఇప్పుడు రాస్తే పాపం.

"ఈపొద్దు ఒద్దు కనకక్కా. రేపు ఆయనుంటాడు, రేపు రమ్మను," అంది చిన్నపొన్ను.

"రేపు ఈయన కాలేజీ నుంచి రావలసిన కాగితాల కోసం ఆఫీసుల చుట్టూ తిరగాలి. ఎల్లుండి బండి ఎక్కుతారు. ఇంత పెద్దాయన నీ గుమ్మం ముందు నిలబడి అడుగుతున్నాడు."

"అనకూడదక్కా."

"ఒక్కసారి అంటే ఏమవుతుందే? సముద్రం ఎక్కడ, నీ గుడిసె ఎక్కడ. దానికి చెవులున్నాయా?"

పరంధామయ్యగారు వెంటనే "వద్దండీ, ఆవిడకు ఇష్టం లేనప్పుడు వద్దు," అన్నారు. ఆయన మంచి మనిషి. పట్టుబట్టింది నేను. "నీ నోట నుంచి వచ్చిన మాట అచ్చులో పడుతుంది. మీ ఆయన పట్టిన చేపలన్నీ పుస్తకంలో ఉంటాయి," అన్నాను. మొగుడి పేరు ఎత్తేసరికి ఆమె కళ్ళు మెరిశాయి. ఆమెను ఎక్కడ నొక్కాలో నాకు తెలుసు.

కొంగు నోటికి అడ్డం పెట్టుకుని, మొదటి మాట గుసగుసగా అంది. "పాలసొర." తర్వాత కొంగు జారిపోయింది. కొమ్ముసొర తల ఎట్లుంటుందో రెండు పిడికిళ్ళు చెవుల దగ్గర పెట్టుకుని చూపించింది. పులిసొర ఒంటి మీద చారలు నేల మీద వేలితో గీసింది. ఏది ఏ నెలలో వస్తుంది, దేని పంటి దెబ్బ అమ్మాసి పిక్క మీద ఉంది, దేన్ని మూడు గంటలు లాగాడు, అన్నీ చెప్పింది. పరంధామయ్యగారి పెన్సిలు ముక్కు విరిగితే నేను కత్తిపీట మీద చెక్కి ఇచ్చాను.

"పాలసొరను బాలింతకు పెడతారు సామీ, పాలు పడాలని," అంది మధ్యలో. "నాకు రెండుసార్లు పట్టుకొచ్చినాడు." నేల మీది చారలు అరచేత్తో చెరిపి మళ్ళీ పేర్లలో పడింది.

లెక్క పెడితే పదకొండు. ఆమె అంత సంతోషంగా ఉండడం అంతకు ముందూ నేను చూడలేదు, ఆ తర్వాతా చూడలేదు.

దీపాలు పెట్టే వేళకు తెప్ప వచ్చింది. దాని మీద నాగప్పన్ ఒక్కడే ఉన్నాడు. ఇసుక మీద జనం మధ్య నిలబడి, ఎవరి ముఖమూ చూడకుండా చెప్పాడు. పెద్ద చేప పడింది. తాడు అమ్మాసి మణికట్టుకు చుట్టుకుంది. రెండు బుర్రలూ ఒక్కసారే మునిగాయి. నాగప్పన్ మూడుసార్లు దూకాడు. బుర్రలు పైకి వచ్చాయి గాని మనిషి రాలేదు.

చిన్నపొన్ను ఏడవలేదు. జనంలో నన్ను వెతికి పట్టుకుని, నా చెవిలో ఒక్క మాట అంది. "నేనే పిలిస్తినిక్కా."

శుక్రవారం పొద్దున్నే కబురు తెలిసి పరంధామయ్యగారు పరుగెత్తుకుంటూ వచ్చారు. గుడిసె ముందు నేల మీదే కూర్చున్నారు. గాలిలో మాట ఎంత దూరం పోతుందో, నీళ్ళలోకి ఎందుకు దిగదో చెప్పబోయారు.

"మీ చదువు మీకు సామీ," అంది చిన్నపొన్ను.

ఆయన డబ్బా తెరిచి, ఆ చీటీ తీశారు. "ఇది నేను వేయనమ్మా. ఇక్కడే చించేస్తాను."

ఆమె చెయ్యి చాపి ఆ చీటీ తీసుకుంది. చదువు రాదు కదా, తిరగేసి మరగేసి చూసింది. "చించితే ఏమొస్తాది. ఉండనీ. అన్నీ ఆయన పట్టినవే," అని తిరిగి ఇచ్చేసింది. మర్నాడు ఆయన బెజవాడ వెళ్ళిపోయారు.

ఆమె పేర్లు చెప్పిందని మా ముగ్గురికీ తప్ప అప్పుడు ఎవరికీ తెలియదు. తెలిసి ఉంటే సందులో ఆమెకు నిప్పు కూడా ఇచ్చేవాళ్ళు కాదు. గుడిసె పైన తీగను వేళ్ళతో సహా పీకేసింది. బుట్ట ఎత్తుకుని చేపలమ్మడం మొదలుపెట్టింది. నన్ను ఒక్క మాట అనలేదు. అని ఉంటే బాగుండేది. నేను అమ్మవారి గుడికి తీసుకుపోయాను, పూజారి చేత చెప్పించాను, రోజూ పోయి పక్కన కూర్చున్నాను. "తప్పు నాదే చిన్నపొన్నూ, నేను కదా పట్టుబట్టింది," అంటే, "నోరు నాది కదక్కా," అనేది.

నాకు నిద్ర దూరమైంది. ముద్ద దిగేది కాదు. నాలుగింటికే లేచి అరుగు మీద కూర్చునేదాన్ని. చేపల కోసం ఇసుకకు పోతూ చిన్నపొన్ను నన్ను రోజూ అక్కడ చూసేది. ఒకరోజు బుట్ట దించి, "పడుకోలేదా అక్కా?" అంది. "ఎలా పడుకుంటానే," అన్నాను. అప్పటికి ఆరు నెలలు.

ఆ అరుగు మీదే నాకొక ఆలోచన వచ్చింది. మేం గుమ్మం ముందు నిలబడింది భోజనాలయ్యాక, రెండు గంటలకు. తాడు చుట్టుకున్నది అంతకు ముందే అయి ఉంటే? ఈ ప్రశ్న ఎవరూ అడగలేదు. మర్నాడే చిన్నపొన్నుతో చెప్పాను, నాగప్పన్‌ను అడిగి తేలుస్తానని. ఆమె పొయ్యిలో పుల్ల ఎగదోసింది.

రెండు రోజులు నాగప్పన్ సముద్రం మీదే ఉన్నాడు. మూడో రోజు వల ఆరేస్తుండగా పట్టుకున్నాను.

"ఏ వేళప్పుడు జరిగింది అబ్బయా? నిజం చెప్పు."

అతను వల ముడి చూసుకుంటూ చెప్పాడు. "పొద్దున్నేనమ్మా. గట్టు మీంచి వీచే గాలి ఇంకా ఆగలా. హార్బరులో పన్నెండు సంగు కూడా ఊదలా."

"మరి సాయంత్రం దాకా ఎందుకు రాలేదు?"

"ఎతుకుతా ఉంటిని."

నా వయసులో ఇసుక మీద పరుగెత్తడం చూసి జనం నవ్వారు. నవ్వనీ. నేరుగా గుడిసెకు పోయి, రొప్పుతూ చెప్పాను. పన్నెండు కాకముందే, హార్బరు సంగు కూత పెట్టకముందే, నువ్వు నోరు తెరవడానికి రెండు గంటల ముందే. నీ మాటకూ దానికీ సంబంధమే లేదు. నా మాటకూ లేదు.

చిన్నపొన్ను పొయ్యి ముందు కూర్చుని ఉంది. మెల్లగా తలెత్తింది.

"అట్లనా అక్కా," అంది. "నిజంగానా?" నవ్వింది. ఆరు నెలల తర్వాత మొదటిసారి. "అయితే కూచో. మీనుపులుసు ఉండాది, తినిపో." ఆ రోజు శనివారం, నేను చేపల పులుసు ముట్టను. ఒట్టి అన్నమూ మజ్జిగా వేయించుకుని ఆమె ఎదురుగా కూర్చుని తిన్నాను. ఆమె కూడా తింది. ఆ రోజు నుంచి నాకు నిద్ర పట్టింది.

ఆమె కూడా తేరుకుందనే అనుకున్నాను. కాళియమ్మతో మళ్ళీ మాటకు మాట మొదలుపెట్టింది. గుడిసె మీద మళ్ళీ తీగ పాకించింది, ఈసారి తియ్యటి రకం. లేతకాయ కాసినప్పుడల్లా కోసి తెచ్చి మా అరుగు మీద పెట్టేది. "ఇంటికాయక్కా, ఈపొద్దే కోసినా," అనేది. ఆ ఇంటి నుంచి సముద్రం మీదికి పోయేవాడే లేడు, ఇంకా ఇంటికాయ ఏమిటి అని నాకు తట్టనే లేదు. అలవాటు అనుకున్నాను.

మూడేళ్ళకు ఊపిరితిత్తుల్లో జబ్బు పట్టుకుంది. ఆసుపత్రి వార్డులో రెండు నెలలుంది. నేను రోజు విడిచి రోజు గంజి పట్టుకుపోయేదాన్ని. ఎముకల గూడు అయిపోయినా నోరు పోలేదు. పక్క మంచం ముసలామె మూలుగుతుంటే, "ఏం పాట అవ్వా అది, నేర్పించు," అనేది. చివరిసారి పోయినప్పుడు నా చెయ్యి పట్టుకుని అడిగింది.

"నిద్ర పడతాందా అక్కా నీకు?"

"నాకేమే. పడుకుంటే గుర్రే. మా ఆయన పక్క అరుగు మీదికి మార్చుకున్నాడు."

"సరి. అది చాలు," అంది. రెండు రోజులకు పోయింది.

మూడో నాడు, ఆమెను పూడ్చిన చోట పాలు పోయడానికి ఇసుక మీదికి పోయాం. ఆమెకు పిల్లలు లేరు కాబట్టి నాగప్పనే చేశాడు. అందరూ వెళ్ళిపోయాక అతను చెంబు కడుగుతుంటే పక్కకు పోయి చెప్పాను. ఎంత బరువు మోసేదో పాపం, నువ్వు ఆ రోజు పన్నెండుకు ముందే అని చెప్పబట్టి మూడేళ్ళయినా ప్రశాంతంగా బతికింది, ఆ పుణ్యం నీది అని.

నాగప్పన్ చెంబు పక్కన పెట్టాడు. 

"అది నా మాట కాదమ్మా," అన్నాడు. "ఆ యమ్మదే. మీరు నా దగ్గరికి వచ్చిన నాటికి ముందురోజు చీకటి పడ్డాక, నేను తెప్ప దిగీ దిగకముందే వచ్చి నిలబడింది. 'కనకక్క వచ్చి నిన్ను అడుగుతాది. పొద్దున్నే జరిగిందని చెప్పు. ఆ మనిషి తిండి లేదు, నిద్ర లేదు. మాట నా నోట్లోంచి వచ్చింది, నేను పడతా. ఆమెకెందుకు,' అనింది. చెప్పకుంటే ఒట్టు అనింది."

"మరి నిజంగా ఎప్పుడు?" అని నేను అడిగానో లేదో నాకు గుర్తు లేదు. అడిగే ఉంటాను.

"గాలి తిరిగినాకేనమ్మా. పొద్దు వాలతా ఉండింది. ఆమె నన్ను అంతకు ముందే అడిగి తెలుసుకునింది, మొదటి వారంలోనే."

అంటే నేను రొప్పుతూ పోయి చెప్పిన రోజున ఆమెకు అంతా తెలుసు. తాను నేర్పించిన మాటనే నా నోట విని, అట్లనా అక్కా అని నవ్వింది. నా కోసం అన్నం వడ్డించి, నా ఎదుట తను కూడా తింది. ఆ తర్వాత మూడేళ్ళు, ఆ గుడిసెలో, ఆ బరువును ఒక్కతే మోసింది. సగం నాది. నా సగం కూడా తనే మోసింది.

పరంధామయ్యగారి పుస్తకం పోయిన నెల టపాలో వచ్చింది. సొర అన్న చోట రెండు పేజీలున్నాయి. కాయ, చేప, కల్లు, కొండజనం, పిట్ట, ఆకాశం అన్నీ ఉన్నాయి. చేప కింద పదకొండు పేర్లు, పక్కన 'రాయపురం' అని మాత్రం ఉంది. చెప్పిన మనిషి పేరు లేదు. అందుకే ఇదంతా రాశాను. ఆమె పేరు చిన్నపొన్ను. మొగుడి పేరు అమ్మాసి. ఆమె మేలుకుని ఉన్న ఆ మూడేళ్ళూ, ఎదురు వరసలో మా ఇంట్లో, నేను హాయిగా నిద్రపోయాను.